సీన్ కాదు, షాన్

నమస్కారమండీ. వెనక వరసల వాళ్లకు వినపడుతోందా? సరే, మొదలుపెడదాం.

ఇవాళ్టి మాటంతా ఒకే ఒక్క పేరు గురించి. మగపిల్లవాడి పేరు, నాలుగే అక్షరాలు. ఎస్, ఈ, ఏ, ఎన్. బోర్డు మీద పెద్దగా రాశాను. ఎలా చదువుతారో గట్టిగా చెప్పండి. (సభలో కొందరు "సీన్" అన్నారు, ఒకరిద్దరు "షాన్" అన్నారు.) షాన్ అన్నవాళ్లు ఈ పేరును ఎక్కడో విని ఉంటారు. సీన్ అన్నవాళ్లు బడిలో నేర్పినట్టు చదివారు. బీ ఈ ఏ ఎన్ బీన్ అయినప్పుడు, ఎం ఈ ఏ ఎన్ మీన్ అయినప్పుడు, ఇది సీన్ ఎందుకు కాకూడదు? న్యాయమైన ప్రశ్నే.

ఇంగ్లండులో షాన్ బీన్ అని ఒక నటుడున్నాడు. పేరూ ఇంటిపేరూ రెండూ ఈ ఏ ఎన్‌తోనే ముగుస్తాయి. ఒకదాన్ని ఆన్ అంటారు, రెండోదాన్ని ఈన్ అంటారు. రెండిటికీ ఒకే న్యాయం చేస్తే ఆయన సీన్ బీన్ అయినా కావాలి, షాన్ బాన్ అయినా కావాలి. (నవ్వులు) 1959లో షెఫీల్డులో పుట్టినప్పుడు ఆయన పేరును ఎస్, హెచ్, ఏ, యూ, ఎన్ అని రాశారు. అలా రాస్తే ఎవరైనా తేలిగ్గా చదువుతారు. నటుడయ్యాక ఆయన కోరి మరీ ఈ స్పెల్లింగుకు మారాడు.

తికమక పేరులో లేదని చెప్పడానికే నేను వచ్చాను. ఈ నాలుగక్షరాలూ ఐరిష్ భాష లెక్క ప్రకారం రాసినవి, మనం వాటిని ఇంగ్లీషు లెక్కలో చదువుతున్నాం. ఐరిష్ చదవడం వచ్చినవాడు ఈ పేరును అంతకుముందు ఎన్నడూ వినకపోయినా, చూడగానే షాన్ అనేస్తాడు. అసలు రూపంలో ఏ మీద ఒక చిన్న గీత కూడా ఉంటుంది. దాని సంగతి తర్వాత.

పేరు పుట్టింది మాత్రం ఐర్లండులో కాదు, హీబ్రూలో. యోహానాన్. ఇందులో ‘యో’ అన్నది యహోవా పేరుకు పొట్టి రూపం. ‘హానాన్’ అంటే దయ చూపాడు. దేవుడు దయ చూపాడు అనే వాక్యమే పేరైంది. ఆ రెండు ముక్కలనూ తిరగేస్తే హనన్యా వస్తుంది, దానియేలు స్నేహితుల్లో ఒకడి పేరు. సమూయేలు తల్లి హన్నా పేరుదీ ఇదే ధాతువు. తెలుగు బైబిలు చదివేవాళ్లకు ఇంకో తమాషా కనిపిస్తుంది. యిర్మీయా గ్రంథంలో కారేహ కుమారుడైన యోహానాను ఉంటాడు. కొత్త నిబంధనకు వచ్చేసరికి బాప్తిస్మమిచ్చు యోహాను ఉంటాడు. రెండూ ఒకే పేరు. పాత నిబంధన హీబ్రూలోది కాబట్టి అక్కడ పేరు నిండుగా ఉంది. కొత్త నిబంధన గ్రీకులోది కాబట్టి ఇక్కడ తోక తెగింది.

గ్రీకు నుంచి లాటిన్‌కు, లాటిన్ నుంచి యూరపంతటికీ పాకింది. జర్మన్ల హాన్స్, రష్యన్ల ఇవాన్, స్పెయిన్ వాళ్ల హువాన్, ఇటలీ వాళ్ల జొవాన్ని, ఇంగ్లీషు వాళ్ల జాన్, అన్నీ ఇదే. ఈ జాబితాకు అంతు లేదు, ఇక్కడ ఆగితే పొద్దుపోతుంది.

ఐర్లండుకు ఈ పేరు రెండుసార్లు వచ్చింది. అసలు కథ అక్కడుంది. మొదటిసారి క్రైస్తవంతో పాటు, లాటిన్ నోట వచ్చింది. అప్పుడు అక్కడివాళ్లు దాన్ని ఓన్ అన్నారు. రాయడం ఈ, ఓ, ఐ, ఎన్. ఇప్పటికీ ఐరిష్ బైబిలులో బాప్తిస్మమిచ్చు యోహాను ఓనే, యోహాను సువార్తా ఓన్ సువార్తే. రెండోసారి కత్తులతో వచ్చింది. 1169లో నార్మన్లు వెక్స్‌ఫర్డు తీరాన దిగారు. వాళ్లు ఇంగ్లండు నుంచీ వేల్సు నుంచీ వచ్చినా పెద్దల మాట ఫ్రెంచి. వాళ్లలో ఈ పేరు జెహాన్ అనీ జోహాన్ అనీ వినపడేది. చర్చి ద్వారా ఒక రూపం, పాలకుల ద్వారా ఇంకో రూపం. మనకూ యోహాను ఒక దారిన వచ్చి, జాన్ ఇంకో దారిన రాలేదూ? అలాగే.

ఇక్కడ ఒక ముచ్చట చెప్పకుండా ముందుకు వెళ్లలేను. ఇంగ్లండు రాజు రెండో హెన్రీ తన చిన్నకొడుకు జాన్‌ను 1177లో ఐర్లండుకు ప్రభువుగా ప్రకటించాడు. 1185లో ఆ కుర్రాడు వాటర్‌ఫర్డులో ఓడ దిగాడు, వయసు పద్దెనిమిది. స్థానిక పెద్దలు పొడుగాటి గడ్డాలతో స్వాగతం చెప్పడానికి వస్తే, అతనితో వచ్చిన కుర్రకారు ఆ గడ్డాలు పట్టుకుని లాగి ఎగతాళి చేశారట. ఆ ప్రయాణంలో వెంట ఉన్న జెరాల్డ్ ఆఫ్ వేల్స్ అనే మతాధికారి ఇది రాసిపెట్టాడు. తర్వాత కాలంలో ఐర్లండులో ఇంటింటికీ చేరిన పేరుకు ఇంతకంటే చెడ్డ ప్రచారకర్త దొరకడు. (నవ్వులు) అయినా పేరు నిలబడింది. అప్పటికి యూరపులో మగపిల్లలకు ఎక్కువగా పెట్టే పేర్లలో అదొకటి. రాజకుమారుడి మర్యాదతో దానికి పని లేదు.

జెహాన్ అనే పేరు ఐరిష్ నోటికి ఎక్కాలంటే ఒక అడ్డు ఉంది. మొదట్లోనే ఉన్న ‘జ’. ఐరిష్‌లో ఆ ధ్వని లేదు, జే అనే అక్షరమూ లేదు. సంప్రదాయ ఐరిష్ వర్ణమాలలో ఉన్నవి పద్దెనిమిది అక్షరాలే. జే, కే, క్యూ, వీ, డబ్ల్యూ, ఎక్స్, వై, జెడ్ అందులో ఉండవు. లేని ధ్వనికి దగ్గరగా ఉన్నదాన్ని తీసుకోవడం ఏ భాషైనా చేసే పనే. వాళ్లకు దగ్గరగా దొరికింది ‘ష’. జెహాన్ షాన్ అయింది, జార్జి షోర్ష అయింది, జేమ్స్ వర్గం పేరు షేమస్ అయింది. ఆడపిల్లల్లో జెహాన్‌కు స్త్రీరూపం షివాన్ అయింది, జానెట్ షినేడ్ అయింది. పేర్లే కాదు, చలికి వేసుకునే జాకెట్టు కూడా అక్కడ ష తోనే మొదలవుతుంది.

సరే, ష అన్నారు. మరి ఆ ష ను ఎస్, హెచ్ అని రాయొచ్చుగా? ఎస్ పక్కన ఆ ‘ఈ’ ఎందుకు?

దీనికి మన భాషలోంచే దారి ఉంది. ‘చలి’ అనండి, ‘చీమ’ అనండి. రెండిట్లోనూ రాసేది ఒకే చ. కానీ నాలుక ఒకే చోట తగులుతోందా? చలిలో పళ్ల వెనక తగులుతుంది, చీమలో కాస్త లోపలికి పోయి అంగిలికి తగులుతుంది. అచ్చ తెలుగు మాటల్లో అ, ఉ, ఒ ల ముందు దంత్యం, ఇ, ఎ ల ముందు తాలవ్యం అని మన వ్యాకరణాలు చెబుతాయి. దంత్యానికి నెత్తిన చిన్న గుర్తు పెట్టి ౘ, ౙ అని ముద్రించిన పాత నిఘంటువులు మీలో కొందరు చూసే ఉంటారు. పక్కన వచ్చే అచ్చును బట్టి హల్లు నాలుక చోటు మార్చుకుంటుంది.

ఐరిష్ సరిగ్గా ఈ పనే చేస్తుంది, కాకపోతే చ, జ లకే పరిమితం కాకుండా దాదాపు ప్రతి హల్లుతోనూ చేస్తుంది. ప్రతి హల్లుకూ ఒక సన్న రూపం, ఒక వెడల్పు రూపం. పక్కన ఈ గానీ ఐ గానీ ఉంటే సన్నం, ఏ, ఓ, యూ ఉంటే వెడల్పు. ఎస్ వెడల్పుగా ఉంటే స, సన్నగా ఉంటే ష. ఐర్లండులో పిల్లలు బడిలో మొదట బట్టీ పట్టే నియమం కూడా ఇదే: సన్నానికి సన్నం, వెడల్పుకు వెడల్పు.

ఇప్పుడు బోర్డు మీదికి చూడండి. ఎస్ పక్కన ఈ ఉంది. దాన్ని పలకాల్సిన పని లేదు, ఎస్‌ను ష గా మార్చడానికే అది అక్కడ కూర్చుంది. తర్వాతి ఏ మీద అసలు రూపంలో గీత ఉంటుంది, అంటే దీర్ఘం, ఆ. చివర ఎన్. ష్, ఆ, న్. ఒక్క అక్షరం కూడా దండగ కాదు. నన్నడిగితే ఇంగ్లీషు స్పెల్లింగులతో పోలిస్తే ఇది చాలా క్రమశిక్షణ గల స్పెల్లింగు. నైట్ అనే మాటలో ముందు కే, మధ్యలో జీ హెచ్ పెట్టుకుని ఏదీ పలకని భాష, ఈ పేరును చూసి వింత అనడం నాకు కాస్త విడ్డూరంగానే ఉంటుంది.

ఎస్ హెచ్ ఎందుకు రాయరో కూడా చెబుతాను, ఇది ఇంకా బాగుంటుంది. ఐరిష్‌లో ఎస్ పక్కన హెచ్ పెడితే ష రాదు, ఎస్ మెత్తబడి హ అయిపోతుంది. ఎప్పుడు మెత్తబడుతుందంటే, మనిషిని పిలిచేటప్పుడు. మనకు సంబోధన ఉన్నట్టే వాళ్లకూ ఉంది. రాముడు ఎదురుగా ఉంటే రామా అంటాం కదా. షాన్ గురించి చెప్పేటప్పుడు షాన్, షాన్‌ను కేకేసి పిలిచేటప్పుడు ‘అ హ్యాన్’. అప్పుడు రాతలో ఎస్ పక్కన హెచ్ చేరుతుంది. ఐరిష్ చదువరి కళ్లకు ఎస్ హెచ్ తో మొదలయ్యే పేరు ఎవరో పిలుస్తున్నట్టు ఉంటుంది. స్కాట్లండులోనూ ఇదే పద్ధతి. అక్కడి హేమిష్ అనే పేరు ఎలా పుట్టిందనుకుంటున్నారు? షేమస్‌ను పిలిచే పిలుపు వినీ వినీ, బయటివాళ్లు ఆ పిలుపే పేరనుకున్నారు.

ఇక ఆ గీత. దాన్ని ఫాదా అంటారు, అంటే పొడవు. మన దీర్ఘం చేసే పనే అది చేస్తుంది. తీసేస్తే ఏమవుతుంది? షాన్ కాస్తా ‘షన్’ అవుతుంది. షన్ అంటే ఐరిష్‌లో ముసలి, పాత. తాతను వాళ్లు ముసలి తండ్రి అంటారు, ఆ మాట ఈ షన్‌తోనే మొదలవుతుంది. పాత బాణీలో వాద్యాలు లేకుండా పాడే పాటను షన్ నోస్ అంటారు, పాత పద్ధతి అని. గీత లేకుండా పేరు రాస్తే ఐరిష్ తెలిసినవాళ్లకు ‘ముసలి’ అని రాసినట్టే. ఇందాకటి నటుడు గుర్తున్నాడుగా? ఐరిష్‌లో బీ ఈ ఏ ఎన్ అంటే ఆడమనిషి. ఆయన పేరును ఫాదా లేకుండా, ఐరిష్ మాటలుగా చదివితే ముసలమ్మ. (పెద్దగా నవ్వులు) పాపం, ఆయన తప్పేమీ లేదు.

రాజ్యం మారినప్పుడు పేర్లకు ఏమవుతుందో కూడా ఈ పేరు చూపిస్తుంది. మొదట నార్మన్లే ఐరిష్ వాళ్లలో కలిసిపోవడం మొదలుపెట్టారు. భాష, బట్టలు, పేర్లు అన్నీ. ఇంగ్లండుకు భయం పట్టుకుంది. 1366లో కిల్కెన్నీ శాసనాలు చేసి, అక్కడ స్థిరపడ్డ ఇంగ్లీషు వాళ్లంతా ఇంగ్లీషే మాట్లాడాలి, ఇంగ్లీషు పేర్లే పెట్టుకోవాలి అన్నారు. 1465లో ఇంకో చట్టం చేసి, డబ్లిన్ చుట్టుపక్కల తమ అధీనంలో ఉన్న ప్రాంతాల ఐరిష్ వాళ్లు కూడా ఇంగ్లీషు ఇంటిపేర్లు తీసుకోవాలన్నారు. ఊరి పేరో, రంగు పేరో, వృత్తి పేరో ఏదో ఒకటి.

ఆ ఒత్తిడికి లొంగని ఒక షాన్ ఉన్నాడు. ఉత్తరాన అల్స్టర్ ప్రాంతంలో ఓ నీల్ వంశపు నాయకుడు. అతనికి ‘గర్విష్టి షాన్’ అని పేరు. మొదటి ఎలిజబెత్ రాణిని ముప్పుతిప్పలు పెట్టాడు. 1562 జనవరిలో లండన్‌లో ఆమె కొలువుకు వెళ్లాడు. వెంట గొడ్డళ్లు పట్టుకున్న భటులు, కుంకుమపువ్వు రంగు చొక్కాలు, మెడ దాకా ఉంగరాల జుట్టు. లండన్ జనం వీళ్లను వేరే ఖండం నుంచి వచ్చినవాళ్లను చూసినట్టు చూశారట. రాణి ముందు సాగిలపడి ఐరిష్‌లోనే మాట్లాడాడు. అయిదేళ్లకు, 1567లో, స్కాట్లండు మూలాలున్న మక్‌డొనెల్ వంశం వాళ్ల చేతుల్లో చనిపోయాడు. ఇంతకీ ఇంగ్లీషు గుమాస్తాలు అతని పేరు ఎలా రాశారు? షేన్ అని. అల్స్టర్ యాసలో షాన్‌లోని ఆ కాస్త ముందుకు జరిగి ఆ కూ ఏ కూ మధ్యలో పలుకుతుంది. చెవికి వినపడినట్టు రాసుకున్నారు. షేన్ అనే పేరు అలా వేరుపడింది.

క్రికెట్ చూసేవాళ్లు చేతులెత్తండి. అబ్బో, అందరూ. షేన్ వార్న్, షాన్ పొలాక్, ఇయాన్ బోథమ్. ముగ్గురి పేరూ ఒకటే తెలుసా? షేన్ ఉత్తర ఐర్లండు యాస, షాన్ మామూలు ఐరిష్, ఇయాన్ స్కాట్లండు రూపం. ముగ్గురూ యోహానులే. (చప్పట్లు)

పందొమ్మిదో శతాబ్దానికి వచ్చేసరికి బడి రిజిస్టరూ, కచేరీ కాగితాలూ అన్నీ ఇంగ్లీషులో. ఇంట్లో షాన్ అని పిలిచినా కాగితం మీద జాన్. 1893లో ఐరిష్ భాషను నిలబెట్టడానికి గేలిక్ లీగ్ అనే సంఘం పుట్టాక గాలి తిరిగింది. చదువుకున్నవాళ్లు రాత్రి తరగతులకు వెళ్లి తాతల భాష నేర్చుకుని, కాగితం మీది జాన్‌ను కొట్టేసి షాన్ అని రాసుకోవడం మొదలుపెట్టారు. నాటకకర్త షాన్ ఓ కేసీ 1880లో డబ్లిన్‌లో పుట్టినప్పుడు జాన్ కేసీ. 1959 నుంచి 1966 దాకా ప్రధానమంత్రిగా ఉన్న షాన్ లెమాస్ 1899లో పుట్టినప్పుడు జాన్ ఫ్రాన్సిస్. 1916లో బ్రిటిష్ పాలన మీద జరిగిన ఈస్టర్ తిరుగుబాటు ప్రకటన మీద ఏడుగురు సంతకం చేశారు. అందులో షాన్ మక్ డియర్మడ ఉన్నాడు, ఆయనా పుట్టుకతో జానే. అదే కాగితం మీద కాన్నలీ మాత్రం జేమ్స్‌గానే ఉన్నాడు, షేమస్ కాలేదు. దేశం కోసం ప్రాణమిచ్చినవాళ్లు కూడా ఈ విషయంలో ఒక్క తీరుగా లేరు. అది నాకు నచ్చుతుంది.

ఆ తిరుగుబాటుకే మరణశిక్ష పడ్డవాళ్లలో మేజర్ జాన్ మక్‌బ్రైడ్ ఒకడు. అతని కొడుకు 1904లో పారిస్‌లో పుట్టాడు, పేరు షాన్. ఆ పిల్లాడికి మొదట వచ్చిన భాష ఫ్రెంచి. ఫ్రెంచి నుంచి ఐరిష్‌కు వెళ్లిన పేరు, ఫ్రాన్సులో పుట్టిన ఐరిష్ పిల్లాడికి! ఆ షాన్ మక్‌బ్రైడే 1974లో నోబెల్ శాంతి బహుమతి పంచుకున్నాడు. తండ్రి జాన్, కొడుకు షాన్ అనే ఈ వరస ఇంకోచోటా కనిపిస్తుంది. బీటిల్స్ జాన్ లెనన్‌కూ యోకో ఓనోకూ 1975 అక్టోబరు 9న కొడుకు పుట్టాడు. సరిగ్గా తండ్రి పుట్టినరోజున. పేరు షాన్. తండ్రి పేరే పెట్టారు, వేరే భాషలో.

వలసలతో అమెరికాకూ ఆస్ట్రేలియాకూ వెళ్లాక ఐరిష్ నియమం తెలియనివాళ్లు ఎక్కువయ్యారు. పలుకుబడిని పట్టుకుని ఎస్ హెచ్ ఏ యూ ఎన్ అనీ, ఎస్ హెచ్ ఏ డబ్ల్యూ ఎన్ అనీ ఇంగ్లీషు లెక్కలో కొత్తగా రాసుకున్నారు. కొందరు అసలు స్పెల్లింగునే ఉంచుకుని గీత వదిలేశారు. గీత పోవడానికి మనుషులకంటే యంత్రాలే ఎక్కువ కారణం. టైపు మిషన్లలో లేదు, మొదటి కంప్యూటర్లలో లేదు. ఇప్పటికీ పాస్‌పోర్టు అడుగున యంత్రం చదివే వరసల్లో ఉత్త రోమన్ అక్షరాలే ఉండాలి, గీతకు చోటు లేదు. ఐర్లండులోనే ప్రభుత్వ కంప్యూటర్లు తమ పేర్లను సరిగ్గా రాయలేకపోతున్నాయని జనం ఫిర్యాదులు చేశారు. 2021లో అధికార భాషల చట్టాన్ని సవరించి, ఐరిష్ పేర్లను గీతలతో సహా సరిగ్గా వాడటం ప్రభుత్వ సంస్థల బాధ్యత అని చేర్చారు. 1366లో ఇంగ్లీషు పేర్లే పెట్టుకోవాలన్న గడ్డ మీద!

ప్రశ్నలుంటే అడగండి.

(ఒక శ్రోత: పిల్లల పేర్ల పుస్తకాల్లో షాన్ అంటే ‘దేవుని దయ’ అని ఉంటుంది. ఐరిష్ వాళ్లకు ఆ అర్థం వినపడుతుందా?)

వినపడదండి. వాళ్లకు షాన్ అంటే షానే. అర్థం హీబ్రూలో ఉండిపోయింది, ఇక్కడి దాకా నడిచి వచ్చింది ధ్వని మాత్రమే. ఆ పుస్తకాలు రాసేవాళ్లు ‘ఐరిష్ పేరు, అర్థం దేవుని దయ’ అని ఒకే ముక్కలో చెప్పేస్తారు. పేరు ఐరిష్, అర్థం హీబ్రూ, దారిలో గ్రీకు, లాటిన్, ఫ్రెంచి. అంత రాస్తే ఆ పుస్తకంలో చోటు చాలదు కాబోలు.

(ఇంకో శ్రోత: తెలుగులో ఎలా రాయాలి? శ తోనా, ష తోనా?)

మంచి ప్రశ్న. మన లిపిలో ఈ తికమకంతా మాయమైపోతుంది, విన్నట్టే రాస్తాం కాబట్టి. ఐరిష్ సన్న ఎస్ నాలుక అంగిలికి తగిలేది, కాబట్టి తాలవ్యమైన శ దగ్గరిది. ష మూర్ధన్యం, నాలుక మడిచి పలకాలి. శాస్త్రం ప్రకారం శాన్ అనాలి. కానీ ఇంగ్లీషు దారిన వచ్చిన మాటలన్నిటికీ మనం ష వాడుతున్నాం, షాపు, షర్టు అన్నట్టు. అలవాటును కాదనలేను, నేనూ షాన్ అనే రాస్తాను. స్కోరు కార్డుల్లో, సినిమా వార్తల్లో అప్పుడప్పుడూ సీన్ అని వస్తుంటుంది చూడండి, అది మాత్రం దిద్దమని సంపాదకులకు ఉత్తరం రాయండి.